మిణుకుమనే దీపం గాలి గురించి కాదు

ప్రశ్న: నమస్తే సార్. మా ఎస్‌యూవీ కొని ఏడేళ్లయింది. రెండు వారాలుగా ఇంజిన్ స్టార్ట్ చేయగానే టైరు గాలి దీపం ఒక నిమిషం పైన మిణుకుమిణుకుమని, తర్వాత అలాగే వెలిగి ఉండిపోతోంది. స్క్రీన్ మీద మూడు చక్రాలకు అంకెలు వస్తున్నాయి. వెనక ఎడమ చక్రం దగ్గర మాత్రం రెండు గీతలే. నాలుగుసార్లు గాలి చూపించాను, సరిగ్గానే ఉందన్నారు. షాపులో నాలుగు సెన్సర్లూ మార్చాలన్నారు. ఈలోగా ఆన్‌లైన్‌లో ‘అన్ని బళ్లకూ సరిపోతుంది’ అన్న సెన్సర్ చవగ్గా కనిపిస్తే ఒకటి తెప్పించి బిగించాను. గీతలు పోలేదు. మా బావగారు దీపం మీద నల్ల టేపు అంటించెయ్యమంటున్నారు. నాకేమో టెన్షన్. ఒక్కటి మారిస్తే చాలదా? లోపలి బ్యాటరీ మాత్రమే మార్చుకోవచ్చా? నేను కొన్నది ఎందుకు పనిచేయడం లేదు?

జవాబు: బావగారి టేపు సంగతికి తర్వాత వస్తాను. ముందు ఆ దీపం ఏమంటోందో చూద్దాం.

గుర్రపు నాడాలా ఉండి మధ్యలో ఆశ్చర్యార్థకం ఉన్న ఆ బొమ్మ, టైరును అడ్డంగా కోస్తే కనబడే ఆకారం. చాలా బళ్లలో అదొక్క బొమ్మే రెండు రకాల మాటలు చెబుతుంది. స్టార్ట్ చేయగానే కదలకుండా వెలిగితే ఏదో చక్రంలో గాలి తగ్గిందని అర్థం. మీరు రాసినట్టు ఒకటి ఒకటిన్నర నిమిషం కొట్టుకుని ఆ తర్వాత నిలకడగా వెలిగితే, ‘గాలి ఎంతుందో నాకు తెలియడం లేదు, చక్రం నుంచి కబురు రావడం లేదు’ అంటోందన్న మాట. మీరు నాలుగుసార్లు గాలి చూపించడం, పన్ను నొప్పికి కళ్లజోడు మార్చుకున్నట్టుంది. నవ్వుకోకండి, మా దగ్గరికి వచ్చేవాళ్లలో సగం మంది అదే చేస్తారు.

కబురు పంపేది ఏమిటంటే, టైరు లోపల వాల్వ్ కాడకు వేలాడుతూ ఉండే ఒక నల్ల ప్లాస్టిక్ డబ్బీ. అగ్గిపెట్టె కంటే కాస్త అటూ ఇటూ. బరువు ముప్ఫై గ్రాములు ఉంటే ఎక్కువ. ఒక పక్క గాలి వెళ్లడానికి సూది బెజ్జమంత చిల్లు ఉంటుంది. బండి ఆగితే అది నిద్రపోతుంది, చక్రం తిరిగితే లేస్తుంది. తిరుగుతున్నంతసేపూ సుమారు నిమిషానికోసారి గాలి ఎంతుందో, వేడి ఎంతుందో రేడియోలో చెబుతుంది. దాంతోపాటు తన నంబరు కూడా. అంకెలు, ఇంగ్లీషు అక్షరాలు కలిసిన ఆ నంబరు సాధారణంగా ఎనిమిది స్థానాలుంటుంది, ఒక సెన్సర్ నంబరు ఇంకోదానికి ఉండదు. మీ బండి తన నాలుగు నంబర్లు గుర్తుపెట్టుకుని వాటి మాటే వింటుంది. అలా కాకుండా వినబడినవన్నీ పట్టించుకుంటే, సిగ్నల్ దగ్గర పక్కన ఆగిన బండి టైరులో గాలి తగ్గినా మీ దీపమే వెలుగుతుంది.

మీరు కొన్న సెన్సర్ ఎందుకు పలకలేదో ఇప్పుడు మీకే అర్థమై ఉండాలి. ముక్కూ మొహం తెలియని మనిషి ఇంట్లోకొచ్చి కూర్చున్నాడు. బండికి వాడి పేరు తెలీదు. ఇది మొదటి కారణం. రెండోది, ఈ సెన్సర్లు 315 మెగాహెర్ట్జ్ మీద మాట్లాడేవి కొన్ని, 433 మీద మాట్లాడేవి కొన్ని. ఒకే మోడల్ బండికి ఒక సంవత్సరం వరకు ఒకటి, ఆ తర్వాత ఇంకొకటి వేసిన సందర్భాలూ ఉన్నాయి. బండి ఒక స్టేషన్ పెట్టుకుని కూర్చుంటే సెన్సర్ ఇంకో స్టేషన్‌లో పాడుతూ ఉంటుంది. మూడో కారణమే మీ విషయంలో నిజమని నా అనుమానం. ‘అన్ని బళ్లకూ’ అని అమ్మేవాటిలో చాలావరకు ఖాళీ పలకలు. షాపులో చేతి పరికరం పెట్టి మీ బండి తయారీ, మోడల్, సంవత్సరం ఎక్కిస్తేగానీ వాటికి మాట రాదు. ప్యాకెట్ మీద ‘ప్రోగ్రామబుల్’ అని చిన్న అక్షరాలతో ఉందేమో చూడండి. ఉండి, మెగాహెర్ట్జ్ కూడా కలిస్తే మీ డబ్బు గంగలో కలిసినట్టు కాదు. చాలా రకాలకు మాట నేర్పడానికి టైరు విప్పక్కర్లేదు, పరికరం బయటినుంచి వాల్వ్ దగ్గర పెడితే చాలు.

ఇంకో మాట. పాత సెన్సర్ పారేశారా? పారేయకపోతే దాని వీపు మీద చూడండి, నంబరు అచ్చేసి ఉంటుంది. కొత్తదానికి అదే నంబరు పెట్టమని అడగండి. క్లోనింగ్ అంటారు. అప్పుడు వచ్చింది కొత్తవాడని బండికి తెలియనే తెలియదు, మళ్లీ పరిచయం చేసే పని తప్పుతుంది. చచ్చిపోయిన సెన్సర్ నంబరును పరికరం చదవలేదు కాబట్టి ఆ వీపు మీది అచ్చే ఆధారం. అందుకే మా కుర్రాళ్లకు చెబుతుంటాను, పాతది చెత్తబుట్టలో వేయకండి, కవర్లో పెట్టి ఓనర్ చేతికివ్వండి అని.

ఇక బ్యాటరీ. మార్చుకోవచ్చా అంటే, కుదరదు అని ఒక్క ముక్కలో తేల్చేయొచ్చు కానీ నేను చేసిన వెధవ పని చెబితే మీకు బాగా గుర్తుంటుంది. లోపల ఉండేది గుండ్రటి నాణెంలాంటి లిథియం బ్యాటరీ. దాని చుట్టూ తేమ, కుదుపు తగలకుండా జిగురులాంటి రెసిన్ పోసి గట్టిపరుస్తారు. ఒక ఆదివారం మధ్యాహ్నం బ్లేడు పెట్టి ఆ బూడిదరంగు రెసిన్‌ను గోకుతూ కూర్చున్నాను. రెండు గంటలు. బ్యాటరీకి రెండు రేకులు వెల్డింగ్ చేసి ఉన్నాయి, వాటిని పీకి కొత్త బ్యాటరీకి టంకం పెట్టి, పైన మామూలు జిగురు పోశాను. పలికింది! ఊరంతా చెప్పుకున్నాను. మూడు వారాల తర్వాత హైవే మీద మళ్లీ గీతలు. టైరు విప్పితే బ్యాటరీ ఊడి లోపల గిలక్కాయలా తిరుగుతోంది. ఆ టైరు రెండోసారి విప్పి, ఎక్కించి, బ్యాలెన్సింగ్ చేసిన ఖర్చు నా జేబులోంచే పోయింది. చక్రం వేగంగా తిరిగేటప్పుడు ముప్ఫై గ్రాముల వస్తువు మీద పడే లాగుడు మామూలుది కాదు. అంత ఓపిక కొత్త సెన్సర్ తెచ్చుకోవడం మీద పెట్టండి.

బ్యాటరీ అయిదు నుంచి పదేళ్లు వస్తుంది. మీ బండికి ఏడు. నాలుగూ ఫ్యాక్టరీలో ఒకేసారి బిగించినవి కాబట్టి ఒకటి వెళ్లిందంటే మిగతావాటి వయసూ అదే. షాపువాళ్లు నాలుగూ మార్చమనడంలో మోసం ఉందని నేననను. కానీ ఇవాళే మార్చాలా? నేనైతే ముందు టైర్లు చూస్తాను. ఇంకో ఏడాదిలో టైర్లు మార్చే పరిస్థితి ఉంటే ఇప్పుడు ఒక్కటే వేయించి, మిగతా మూడూ కొత్త టైర్లతో పాటు వేయిస్తాను. ఎందుకంటే సెన్సర్ ఖరీదు ఒక ఎత్తు, టైరు విప్పి ఎక్కించి బ్యాలెన్సింగ్ చేసే కూలి ఇంకో ఎత్తు. ఆ కూలి ఎలాగూ కొత్త టైర్లప్పుడు ఇస్తారు. టైర్లు ఈమధ్యే వేయించి ఉంటే మాత్రం కథ వేరు. అప్పుడు ఆ చేతి పరికరం తెమ్మని మిగతా మూడు వాల్వుల దగ్గర పెట్టి చూపించమనండి. నంబరు, గాలి, వేడి, చాలా రకాల్లో బ్యాటరీ బాగుందా తగ్గిందా అన్నది కూడా తెర మీద పడుతుంది. ‘తగ్గింది’ అని వచ్చినవి మార్చండి. పనిలో పనిగా నంబర్లన్నీ కాగితం మీద రాయించుకుని బండి కాగితాలతో పాటు పెట్టుకోండి. అసలు పరికరమే లేదని చెప్పే షాపులో సెన్సర్ వేయించకండి. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే.

కంపెనీ సెన్సరా, బయటిదా అని కూడా మీ మనసులో ఉండే ఉంటుంది. పాతదాని మీద ఉన్న పార్ట్ నంబరుతో కంపెనీది తెస్తే ఆలోచించే పని లేదు, ధరే ఎక్కువ. పేరున్న తయారీదారుల ప్రోగ్రామబుల్ సెన్సర్లు నేను చాలా వేశాను, బానే ఉన్నాయి. వద్దనేది ఒక్కటే, వాడిన సెన్సర్. బయట ఎంత తళతళలాడినా లోపల బ్యాటరీలో ఎన్నాళ్లు మిగిలిందో పైకి తెలియదు.

బిగించే రోజు మీరు దగ్గరుండండి. మొదట, టైరు విప్పేవాడికి లోపల సెన్సర్ ఉందని నోరు తెరిచి చెప్పండి. టైరు అంచును రిమ్ము నుంచి ఊడదీసే మెషిన్ బ్లేడు సరిగ్గా వాల్వ్ దగ్గర పడితే సెన్సర్ పని అయిపోయినట్టే. పనిలో చేరిన కొత్తలో నేను ఒకటి విరగ్గొట్టాను. ఎండుపుల్ల విరిగినట్టు ‘టప్’మని చిన్న చప్పుడు, అంతే. మా మేస్త్రీ ఏమీ అనలేదు. ఆ విరిగిన ముక్కను నా టూల్‌బాక్స్‌లో పెట్టి వెళ్లిపోయారు. ఇప్పటికీ ఉంది.

వాల్వ్ కాడ రబ్బరుదైతే పేచీ తక్కువ. లోహపుదైతే అది అల్యూమినియం, నట్టుతో బిగిస్తారు. ఆ నట్టుకు పట్టాల్సిన బిగువు చాలా కొంచెం. స్పానర్ మీద బలం చూపిస్తే కాడ చీలుతుంది, ఒక్కోసారి ఆ చీలిక నెల తర్వాత బయటపడుతుంది. బిగువు కొలిచి చూపే టార్క్ రెంచితో బిగించమనండి. టైరు విప్పిన ప్రతిసారీ కాడ మొదట్లో ఉండే రబ్బరు సీలు, నట్టు, లోపలి పిన్ను, మూత మార్చాలి. అన్నీ కలిపి చిన్న ప్యాకెట్‌గా దొరుకుతాయి, సెన్సర్‌తో పోలిస్తే ఖరీదు లెక్కలోది కాదు. పిన్ను వెండిరంగులో ఉందో లేదో చూడండి, అది నికెల్ పూత. పసుప్పచ్చగా ఉంటే ఇత్తడి. ఇత్తడీ అల్యూమినియం ఆనుకున్న చోట తడి తగిలితే అల్యూమినియం తినుకుపోతుంది. లోపల తెల్లటి పొడి కట్టి పిన్ను అతుక్కుపోతుంది. ఫ్యాషన్‌గా మెరిసే లోహపు మూతలతో వచ్చే గొడవా ఇదే. మొన్నొకాయన అలాంటి మూత రావడం లేదని పట్టకారు పెట్టి తిప్పితే మూతతోపాటు కాడ కూడా చేతికొచ్చింది. బుస్సుమని గాలి పోయింది, సెన్సర్ లోపల టైరులో పడింది. నల్ల ప్లాస్టిక్ మూత చాలు సార్, అందం కోసం సీట్ కవర్లున్నాయి.

క్లోనింగ్ చేయించకపోతే కొత్తదాన్ని బండికి పరిచయం చేయాలి. కొన్ని బళ్లు పది ఇరవై నిమిషాలు నడిపితే వాటంతట అవే నేర్చుకుంటాయి. కొన్నిట్లో మెనూలో ఒక మోడ్‌లోకి వెళ్లి, ముందు ఎడమ చక్రంతో మొదలుపెట్టి చుట్టూ తిరుగుతూ ఒక్కో వాల్వ్ దగ్గర పరికరం నొక్కాలి, నేర్చుకోగానే హారన్ కూస్తుంది. ఇంకొన్నిటికి స్టీరింగ్ కింద ఉండే సాకెట్‌కి పరికరం తగిలించి నంబర్లు ఎక్కించాలి. మీది ఏ రకమో బండితో వచ్చిన పుస్తకంలో ఉంటుంది. కొన్ని ఎస్‌యూవీల స్టెప్నీలో అయిదో సెన్సర్ కూడా ఉంటుంది, అది మర్చిపోకండి. ఎప్పుడూ తిరగని ఆ చక్రం గాలి తగ్గి దీపం వెలిగితే నాలుగు టైర్లూ వెతికి వేసారిపోయినవాళ్లు చాలామంది.

షాపు దాటకముందే చిన్న పరీక్ష చేయండి. వెనక ఎడమ చక్రంలో మూడు నాలుగు పీఎస్ఐ (గాలి ఒత్తిడి కొలత) గాలి వదిలి ఒక రౌండ్ కొట్టి రండి. స్క్రీన్ మీద తగ్గాల్సింది ఆ చక్రం అంకే. ఇంకో చక్రానిది తగ్గితే చోట్లు తారుమారైనట్టు, మళ్లీ చేయించండి. సరిపోతే గాలి నింపించుకుని బయల్దేరండి.

ఇప్పుడు టేపు. గాలి తక్కువైన టైరు తిరిగినప్పుడల్లా పక్కలు వంగుతాయి, వంగినకొద్దీ వేడెక్కుతాయి. ఎస్‌యూవీ ఎత్తు, బరువు ఎక్కువ, వేగంలో టైరు దెబ్బతింటే పల్టీ కొట్టే ప్రమాదమూ ఎక్కువే. అమెరికాలో ఫోర్డ్ ఎక్స్‌ప్లోరర్ అనే ఎస్‌యూవీలకు వేసిన ఫైర్‌స్టోన్ టైర్లు పరుగులోనే తొక్క ఊడి ఎంతోమంది చనిపోయాక, 2000లో చట్టం తెచ్చారు. ఈ దీపం ఆ చట్టం నుంచే పుట్టుకొచ్చింది. 2007 సెప్టెంబరు నుంచి అక్కడ అన్ని కొత్త కార్లకూ తప్పనిసరి అయింది, 2014 నవంబరు నుంచి యూరప్‌లో. మీ దీపం ఇప్పుడు రోజూ వెలుగుతూనే ఉంది కదా. రేపు ముందు కుడి టైరులో నిజంగానే మేకు దిగి గాలి తగ్గితే, అదే దీపం కొత్తగా ఏం చెబుతుంది? అంకెలు చూసే అలవాటుంటే సరే. టేపు వేశాక ఆ వైపు కన్నే పోదు. సెన్సర్ వచ్చేదాకా వారానికోసారి గేజితో నాలుగు చక్రాలూ చూసుకోండి. బావగారికి నమస్కారాలు చెప్పండి.

ప్రశ్న: అన్నయ్యగారూ, మా బండిలో కూడా టైరు గాలి దీపం ఉంది. గాలి కొట్టించాక మెనూలో ‘రీసెట్’ నొక్కాలి. పంక్చర్ వేయించినప్పుడు చూస్తే చక్రంలో సెన్సర్ లేనే లేదు. కొట్టేశారేమోనని మా వారి అనుమానం.

జవాబు: ఎవరూ కొట్టేయలేదమ్మా. మీ బండిలో అది పుట్టుకతోనే లేదు. గాలి తగ్గిన చక్రం కాస్త చిన్నదవుతుంది, అదే దూరానికి ఎక్కువ చుట్లు తిరుగుతుంది. బ్రేకు గట్టిగా నొక్కినా చక్రాలు బిగుసుకుపోకుండా చూసే ఏబీఎస్ కోసం ప్రతి చక్రం దగ్గరా చుట్లు లెక్కపెట్టేవి ఎలాగూ ఉన్నాయి, మీ బండి ఆ లెక్క చూసి గాలి సంగతి పట్టుకుంటుంది. మార్చాల్సిన బ్యాటరీ లేదు, కొనాల్సిన సెన్సర్ లేదు. అయితే రీసెట్ నొక్కిన క్షణానికి ఉన్న గాలే సరైనదని అది నమ్మేస్తుంది. కాబట్టి ముందు గేజితో గాలి సరిచేసి, ఆ తర్వాతే నొక్కండి. తగ్గిన గాలి మీద నొక్కితే దీపం ఆరుతుంది, గాలి మాత్రం పెరగదు.

ప్రశ్న: పాత ఎస్‌యూవీ నాది. వాల్వ్ మూత స్థానంలో బిగించే సెన్సర్లు, సోలార్‌తో నడిచే చిన్న తెర అమ్ముతున్నారు. కొనొచ్చా?

జవాబు: ఏమీ లేనిదానికంటే మేలు. టైరు విప్పే పని లేదు, బ్యాటరీ మీరే మార్చుకోవచ్చు. కాకపోతే ఆ బరువంతా కాడ చివర వేలాడుతుంది, పాత రబ్బరు కాడలైతే వంగి వంగి పగులుతాయి. ముందు కాడలు కొత్తవి, వీలైతే లోహపువి వేయించి తర్వాత బిగించండి. బిగించాక సబ్బు నీళ్లు రాసి బుడగలు వస్తున్నాయేమో చూడండి, ఎందుకంటే అవి పిన్నును నొక్కి ఉంచుతాయి, సరిగ్గా కూర్చోకపోతే గాలి అక్కడినుంచే పోతుంది. బండిలో ముందే దీపం ఉన్నవాళ్లు వీటితో అది ఆరుతుందని ఆశపడొద్దు, ఆ రెండిటికీ సంబంధం లేదు.

ప్రశ్న: చలికాలం ఉదయం దీపం వెలుగుతుంది, పది కిలోమీటర్లు పోయాక ఆరిపోతుంది. సెన్సర్ పోయినట్టేనా?

జవాబు: సెన్సర్ భేషుగ్గా ఉంది, గాలే అంచు మీద ఉంది. పది డిగ్రీలు చల్లబడితే టైరులో సుమారు ఒకటిన్నర నుంచి రెండు పీఎస్ఐ తగ్గుతుంది, నడిపితే వేడెక్కి మళ్లీ పెరుగుతుంది. డ్రైవర్ తలుపు తీస్తే అక్కడో స్టిక్కర్ ఉంటుంది, ఎంత గాలి పెట్టాలో అందులో రాసి ఉంటుంది. టైరు పక్కన అచ్చేసి ఉన్న అంకె గరిష్ఠ పరిమితి, దాని జోలికి పోకండి. ఇంకోటి, అమెరికా నిబంధన ప్రకారం గాలి 25 శాతం తగ్గేసరికి దీపం వెలిగితే చాలు. అంటే స్టిక్కర్ మీద 36 ఉంటే 27 దాకా దిగినా అది నోరు మెదపకపోవచ్చు. మీ దీపం రోజూ ఉదయం పలకరిస్తోందంటే టైర్లు కొన్నాళ్లుగా ఆకలితో ఉన్నాయని. రేపు పొద్దున బండి కదపకముందే, టైర్లు చల్లగా ఉండగా కొట్టించండి.